వైజ్‌మన్ భవనాలు: నేషనల్ గ్యాలరీ, ఎక్స్ లిబ్రిస్, లా దాన్స్ – కడప నుంచి ఒక సమీక్ష

గండికోట మీదో, సిద్ధవటం కోట మీదో వీడియో అంటే మన జిల్లాలో ఒక మూస స్థిరపడిపోయింది. డ్రోన్ పైకి లేస్తుంది, పెన్నా లోయ కనిపిస్తుంది, వెనక వేణువు మోగుతుంది, దాని మీద బరువైన గొంతు రాజుల పేర్లూ సంవత్సరాలూ చదువుతుంది. పది నిమిషాల్లో కోట అయిపోతుంది. పొద్దున్నే ఆ గేటు తీసేదెవరు, గుడి మండపం ఊడ్చేదెవరు, రాతి సందుల్లో మొలిచిన రావి మొక్కను దేనితో పీకుతారు, ఎన్నాళ్లకోసారి పీకుతారు? ఈ సంగతులు వెతికినా దొరకవు. పాత కట్టడాలను వీడియో తీసేవాళ్లు, తీయాలనుకునేవాళ్లు కెమెరా పట్టేముందు చూడాల్సిన సినిమాలు మూడున్నాయి. మూడూ అమెరికన్ డాక్యుమెంటరీ దర్శకుడు ఫ్రెడరిక్ వైజ్‌మన్‌వే. పారిస్ ఒపేరా బాలే అనే నృత్య సంస్థ మీద 'లా దాన్స్' (2009), లండన్ చిత్రశాల మీద 'నేషనల్ గ్యాలరీ' (2014), న్యూయార్క్ పబ్లిక్ లైబ్రరీ మీద 'ఎక్స్ లిబ్రిస్' (2017).

వీటిలో వ్యాఖ్యానం ఉండదు. కెమెరా ముందు కూర్చోబెట్టి ప్రశ్నలు అడగడం ఉండదు. తెర మీద పేర్లు పడవు. నేపథ్య సంగీతం ఉండదు, ఆ గదిలో ఎవరైనా వాయిస్తుంటేనే సంగీతం వినిపిస్తుంది. ఇన్ని తీసేశాక మిగిలేది ఆ భవనంలో రోజూ జరిగే పని. ఒక పాత భవనం నిలబడి ఉందంటే దాన్ని ఎవరో రోజూ నిలబెడుతున్నారన్నమాట. ఈ మూడు సినిమాల్లో కనిపించేది ఆ నిలబెట్టడమే.

తీసే పద్ధతి ముందు తెలిస్తే చూడటం తేలికవుతుంది. బృందం ముగ్గురే. కెమెరా ఒకరు పట్టేవారు, సహాయకుడు ఒకరు, శబ్దం మాత్రం వైజ్‌మన్ స్వయంగా రికార్డు చేసేవాడు. మైక్ ఆయన చేతిలో ఉండేది కాబట్టి కెమెరా ఎటు తిరగాలో చెప్పేది కూడా ఆయనే. ఈ మూడింటికీ కెమెరా జాన్ డేవీది. ఇద్దరూ దశాబ్దాల తరబడి కలిసి పనిచేసినవాళ్లు కాబట్టి మాట అక్కర్లేకుండా సైగతో పని నడిచిపోయేది. ముందుగా స్క్రిప్టు రాసుకునేవాళ్లు కాదు. కొన్ని వారాలపాటు రోజూ భవనానికి వెళ్లేవాళ్లు, జరిగేది తీసేవాళ్లు. అసలు సినిమా ఎడిటింగ్ బల్ల మీదే పుట్టేది. దానికి ఏడాది దాకా పట్టేది. నేషనల్ గ్యాలరీకి 12 వారాల్లో దాదాపు 170 గంటలు తీశారు, సినిమా 3 గంటలు. అంటే 57 నిమిషాలు తీస్తే ఒక్క నిమిషం మిగిలింది.

మూడింటిలో ముందు చూడాల్సింది నేషనల్ గ్యాలరీ. 1824లో మొదలైన సంస్థ అది, ట్రఫాల్గర్ స్క్వేర్‌లో ఇప్పుడున్న భవనం 1838లో తెరిచారు. సినిమా బొమ్మలతో మొదలవుతుంది, కాసేపటికే నేల పాలిష్ పట్టే యంత్రం మోత వినిపిస్తుంది. ఖాళీ హాలు, గోడల మీద కొన్ని వందల ఏళ్ల నాటి చిత్రాలు, కింద యంత్రం తోసుకుంటూ ఒక మనిషి. ఏ వ్యాఖ్యానమూ లేకుండానే ఈ చోటు ఎవరి చేతుల మీద నడుస్తోందో అర్థమైపోతుంది.

అన్నిటికన్నా విలువైనవి చిత్రాల మరమ్మతు గదిలోని దృశ్యాలు. రెంబ్రాంట్ వేసిన గుర్రపు రౌతు చిత్రం ఒకటి బల్ల దగ్గరికి వస్తుంది. ఎక్స్‌రే తీస్తే దాని అడుగున మరో మనిషి బొమ్మ కనిపిస్తుంది. పాత కాన్వాసును తొంభై డిగ్రీలు తిప్పి, దాని మీదే కొత్త బొమ్మ వేశాడన్నమాట. మరమ్మతు నిపుణుడు ఆ సంగతి వేలు పెట్టి చూపిస్తూ చెబుతాడు. తర్వాత ఆయన చెప్పే పద్ధతిని మన దగ్గర గుడి కుడ్యచిత్రాలకు రంగు వేయించే ప్రతి కమిటీ వినాలి. ముందు చిత్రం మీది పాత వార్నిష్ తీస్తారు. తర్వాత కొత్త వార్నిష్ పొర వేస్తారు. పోయిన చోట రంగు దిద్దేది ఆ పొర మీదనే, అసలు రంగును తాకరు. రేపు మరింత తెలిసిన నిపుణుడు వస్తే నెలల తరబడి చేసిన ఈ పనంతా నిమిషాల్లో తుడిచేయగలగాలి. అలా తుడిచేయడానికి వీలుండటమే ఆ పని నియమం. లేపాక్షి పైకప్పు చిత్రాల ముందు నిలబడి ఈ మాట తలుచుకుంటే, పాత బొమ్మల మీద నేరుగా ఎనామెల్ పూయడం ఎంత నష్టమో వేరే చెప్పక్కర్లేదు.

మరో గదిలో చూపు లేనివాళ్లు కొందరు బల్ల చుట్టూ కూర్చుని ఉంటారు. వాళ్ల ముందు గీతలు ఉబ్బెత్తుగా అచ్చయిన కాగితాలు. పిస్సారో వేసిన పారిస్ రాత్రి వీధి చిత్రం అది. ఒకామె మాటలతో దారి చూపిస్తుంటే వాళ్ల వేళ్లు వీధి దీపాల వరుస వెంట నడుస్తాయి. కెమెరా ముఖాల దగ్గర కాసేపు, వేళ్ల దగ్గర కాసేపు ఆగుతుంది, ఎక్కడా తొందరపడదు. మన ఎడిటర్లు మూడో సెకనుకే కట్ చేసే షాట్లు ఇవి.

ఇక మీటింగులు. గ్యాలరీ అప్పటి డైరెక్టర్ నికొలస్ పెన్నీతో ప్రచార విభాగం అధికారి, గ్యాలరీ జనం వైపు నుంచి ఆలోచించాలని వాదిస్తుంది. ఆయన అంత తేలిగ్గా ఒప్పుకోడు. ఒక పరుగు పందెం గ్యాలరీ ముందు ముగిస్తే ఒప్పుకోవాలా వద్దా అని ఇంకో చర్చ. బడ్జెట్ కోతల మీద మరొకటి. మొదటిసారి చూసేవాళ్లు వీటిని దాటేస్తారు, దాటేయకూడదు. గోడ మీది బొమ్మకీ గదిలోని వాదనకీ ఉన్న సంబంధమే ఈ సినిమా. ఆస్థానం దయ మీద బతికిన చిత్రకారుల బొమ్మల కిందే ప్రభుత్వ నిధుల మీద బతికే సంస్థ కూర్చుని డబ్బు గురించి మాట్లాడుతుంటుంది. ఈ పోలికను దర్శకుడు నోటితో చెప్పడు, పక్కపక్కన పెట్టి వదిలేస్తాడు. 5కి 4.5.

లా దాన్స్‌ను చెవులతో చూడాలి. 1875లో తెరిచిన పారిస్ ఒపేరా భవనం పాలే గార్నియే ఒక ఊరంత ఉంటుంది. సినిమా దాని నేలమాళిగ నుంచి పైకప్పు దాకా తిప్పుతుంది. కింద నీళ్లు, పైన తేనెటీగల పెట్టెలు, మధ్యలో సాధన గదులు. కుట్టు గదిలో దుస్తులకు చమ్కీలు ఒక్కొక్కటే కుడుతుంటారు, ఇంకోచోట గోడకు సున్నం దిద్దుతుంటారు, ప్రేక్షకుల హాల్లో ఒకరు వరుసల మధ్య శుభ్రం చేస్తుంటారు. సాధన గదిలో చెక్క నేల మీద పాదం ఆనిన చప్పుడు, నర్తకి ఎగశ్వాస, పక్కన పియానో: ఈ మూడూ విడివిడిగా వినిపిస్తాయి. వేదిక మీద ఒక క్షణం తేలిగ్గా కనిపించే ఎగురు వెనక ఎంత ఊపిరి ఖర్చయిందో ఆ శబ్దమే చెబుతుంది. సినిమా 16 మి.మీ. ఫిల్మ్ మీద తీసింది. 400 అడుగుల రీలు 11 నిమిషాలే వస్తుంది. ఏది తీయాలి, ఎప్పుడు ఆపాలి అన్న ఎంపిక ప్రతి షాట్‌లో తెలుస్తుంది. లోపం కూడా చెప్పాలి. 159 నిమిషాల్లో నడిమి గంట బరువుగా సాగుతుంది. బాలే తెలియనివాళ్లకు ఒక సాధనకూ ఇంకో సాధనకూ తేడా పట్టుబడదు, ఏది ఏ నృత్యమో చెప్పేవాళ్లూ ఉండరు. 5కి 3.5.

ఎక్స్ లిబ్రిస్ 197 నిమిషాలు. ఐదో అవెన్యూలో రెండు రాతి సింహాలున్న 1911 నాటి భవనం దీని కేంద్రం, కానీ సినిమా అక్కడే ఉండిపోదు. బ్రాంక్స్, హార్లెం వంటి పేటల్లోని చిన్న శాఖలకు వెళ్తుంది. ఫోన్‌లో ప్రశ్నలకు జవాబు చెప్పే ఉద్యోగి ఒంటికొమ్ము గుర్రం నిజంగా ఉండేదా అని అడిగినా ఓపికగా చూసి చెబుతాడు. బ్రెయిలీ నేర్పే గది, ఉద్యోగ మేళా, ఇంట్లో ఇంటర్నెట్ లేనివాళ్లకు అరువిచ్చే వైఫై పరికరాలు, తిరిగొచ్చిన పుస్తకాలను శాఖలవారీగా వేరు చేసే కన్వేయర్ బెల్టు. సంజ్ఞాభాష అనువాదకురాలు ఒకే పాఠాన్ని ఒకసారి కోపంగా, ఒకసారి వేడుకోలుగా చేసి చూపించే దృశ్యం ఒక్కటి చాలు, ఈ సినిమా దేని గురించో తెలియడానికి.

దీన్ని చూశాక కడప ఎర్రముక్కపల్లిలోని సి.పి. బ్రౌన్ గ్రంథాలయం గుర్తుకు రాకుండా ఉండదు. 1820లో కడపకు వచ్చిన బ్రౌన్ ఇక్కడ బంగళా కొని, పండితులను పెట్టి తాళపత్రాలు సేకరింపజేసి, పాఠాలు సరిచూయించి, నకళ్లు రాయించాడు. ఆ బంగళా ఉన్న చోటనే జానమద్ది హనుమచ్ఛాస్త్రి పట్టుదలతో గ్రంథాలయం లేచింది. ఇప్పుడది యోగి వేమన విశ్వవిద్యాలయం పరిధిలో ఉంది. కట్టడం కొత్తది, నేల పాతది. డ్రోన్‌కు అక్కడ దొరికేది పెద్దగా లేదు. వైజ్‌మన్ పద్ధతికి మాత్రం బోలెడుంది: పత్రికలు మడత విప్పే చప్పుడు, రిజిస్టరులో సంతకం, బీరువా తలుపు, పాత పుస్తకం వెతుక్కుంటూ వచ్చిన పరిశోధక విద్యార్థికీ సిబ్బందికీ మధ్య సాగే మాటలు. తాళపత్రాలకు నిమ్మగడ్డి నూనె రాసి, మసి పూసి, అక్షరం తేలేలా తుడిచే పని ఎక్కడ దొరికినా అరగంట కదలకుండా తీయాలి. లండన్‌లో వార్నిష్ తీసే దృశ్యానికి అది ఏమాత్రం తీసిపోదు.

ఎక్స్ లిబ్రిస్‌కు 5కి 4. ఒక పాయింటు తగ్గడానికి కారణం యాజమాన్యం మీటింగులు. డిజిటల్ పుస్తకాలు కొనాలా అచ్చు పుస్తకాలు కొనాలా, ప్రభుత్వ డబ్బుకు దాతల డబ్బు ఎలా తోడు తేవాలి అన్న చర్చ నాలుగైదుసార్లు తిరిగొస్తుంది. మొదటిసారి ఆసక్తిగా ఉంటుంది, మూడోసారికి కొత్త సంగతి ఉండదు. ఇంతకన్నా పెద్ద లోపం మూడు సినిమాలకూ ఉంది. నేల తుడిచేవాళ్లు, సామాను మోసేవాళ్లు తెర మీద చాలాసార్లు కనిపిస్తారు, నోరు విప్పేది మాత్రం అరుదు. మాటంతా బల్ల చుట్టూ కూర్చున్నవాళ్లదే. పనిని అంత గౌరవంగా చూపే దర్శకుడు పనివాళ్ల మాటకు కూడా అంతే చోటిచ్చి ఉంటే బాగుండేది. మన దగ్గర తీసేవాళ్లు ఈ ఒక్క విషయంలో ఆయన్ని అనుసరించకూడదు. గుడి పరిచారకుడి మాట, దర్గాలో చాదర్లు మడిచే మనిషి మాట రికార్డు కావాలి.

చూసేటప్పుడు కొన్ని జాగ్రత్తలు. ఫోన్‌లో చూస్తే సగం పోతుంది, మీటింగులో వింటున్నవాళ్ల ముఖాలు అంత చిన్న తెర మీద కనిపించవు. కనీసం 32 అంగుళాల టీవీకి ల్యాప్‌టాప్ కలిపి చూడండి. తెలుగు సబ్‌టైటిళ్ల మీద ఆశ పెట్టుకోకుండా ఇంగ్లిష్ సబ్‌టైటిళ్లు పెట్టుకోవాలి, లా దాన్స్‌కైతే అవి లేకుండా కుదరదు, అందులో మాటలు ఫ్రెంచి. ఒక్క కూర్చోవడంలో ముగించాలనే పంతం వద్దు. గంటకోసారి ఆపండి, కానీ వేగం పెంచి మాత్రం చూడకండి. 1.5 వేగంలో మౌనాలు పోతాయి, మౌనాలు పోతే సినిమా పోతుంది. డీవీడీలు వైజ్‌మన్ సొంత సంస్థ జిపొరా ఫిల్మ్స్ అమ్ముతుంది. కొనేముందు రీజియన్ కోడ్ (డీవీడీ ఏ దేశాల ప్లేయర్లలో ఆడుతుందో చెప్పే అంకె) చూసుకోవాలి, మన దేశానిది 5. కాలేజీలోనో సాహిత్య సభలోనో వేయాలంటే ఇంట్లో చూసే డీవీడీ హక్కు సరిపోదు, ప్రదర్శన అనుమతి విడిగా అడగాలి.

చూడటంతో ఆగకుండా నేర్చుకోవాలంటే రెండోసారి నోటుబుక్కుతో కూర్చోవాలి. ఒక్క మీటింగు దృశ్యం ఎంచుకుని ప్రతి కట్‌కూ గీత పెట్టండి. మాట్లాడే మనిషి మీంచి వినే మనిషి మీదికి కెమెరా వెళ్లిన చోటల్లా ఆగి వినండి. చాలాసార్లు మాట అక్కడే కత్తిరించి ఉంటుంది. గంట మీటింగు ఐదారు నిమిషాలకు కుదించాలంటే దాచుకునే చోటు వినేవాళ్ల ముఖాలే. అందుకే మీటింగు తీసేటప్పుడు ఒక్కొక్కటి 10 సెకన్లకు తగ్గకుండా వినేవాళ్ల షాట్లు 15, 20 దాకా తీసి పెట్టుకోవాలి. ఇవి లేకుండా ఇంటికొస్తే ఎడిటింగ్‌లో మాట అతకదు, చివరికి గత్యంతరం లేక వ్యాఖ్యానం రాసుకోవాల్సి వస్తుంది. మన వీడియోల్లో వ్యాఖ్యానం అంత ఎక్కువగా ఉండటానికి ఒక కారణం ఇదే. దృశ్యానికీ దృశ్యానికీ మధ్య వచ్చే ఖాళీ వరండాలు, మెట్లు, వీధి షాట్లను కూడా లెక్కపెట్టండి. అవి అలంకారానికి పెట్టినవి కావు, ఏ గదిలోంచి ఏ గదిలోకి వెళ్తున్నామో చెప్పే దారి గుర్తులు.

కడపలోనో కర్నూలులోనో ఇదే పద్ధతిలో తీస్తే ముందు చెడిపోయేది శబ్దం. సీలింగ్ ఫ్యాన్. మే నెలలో ఆపమనలేం. కెమెరా మీది మైక్‌తో తీస్తే మాటకన్నా ఫ్యానే ఎక్కువ వినిపిస్తుంది. మైక్‌ను మాట్లాడే మనిషికి రెండడుగుల లోపు, ఫ్యాన్ గాలి నేరుగా తగలకుండా కింది వైపు నుంచి పట్టాలి. బొచ్చు కవరు తొడగాలి, రికార్డరులో 80 హెర్ట్జ్ దగ్గర లో కట్ (అంతకన్నా కింది మోతను తగ్గించే ఫిల్టరు) పెట్టాలి. ప్రతి గదిలో ఎవరూ మాట్లాడకుండా 60 సెకన్ల గది శబ్దం విడిగా తీసుకోవాలి. అది లేకపోతే కట్ దగ్గర ఫ్యాన్ మోత తెగి వినిపిస్తుంది, చూసేవాడికి అతుకు తెలిసిపోతుంది.

తర్వాతది వెలుగు. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకు 25 ఫ్రేములు, షట్టరు 1/50 పెట్టాలి. ఫోన్‌ను 30 ఫ్రేముల ఆటోలో వదిలేస్తే కొన్ని ట్యూబులైట్లు, చౌక ఎల్‌ఈడీల కింద తెర మీద చారలు పరుగెత్తుతాయి. వైట్ బ్యాలెన్స్ (వెలుగును బట్టి రంగులు సరిచేసే అమరిక) కూడా ఆటోలో వద్దు. కిటికీ ఎండ నుంచి ట్యూబులైటు వైపు తిరిగేసరికి ముఖం రంగు మారిపోతుంది. మధ్యాహ్నం కోట మీద 4కెలో ఎక్కువసేపు తీస్తే చిన్న కెమెరాలు వేడెక్కి ఆగిపోతాయి. పొద్దున 6 నుంచి 9 దాకా తీయండి, గేటు తీయడమూ ఊడ్వడమూ జరిగేది కూడా అప్పుడే.

నిల్వ లెక్క ముందే వేసుకోవాలి. సెకనుకు 100 మెగాబిట్ల (ఎంబీపీఎస్) నాణ్యతలో తీస్తే గంటకు 45 జీబీ. 170 గంటలైతే 7,650 జీబీ, అంత మనకు అక్కర్లేదు. 20 నిమిషాల సినిమాకు 10 గంటలు తీస్తే 450 జీబీ, దానికి రెండు నకళ్లు రెండు వేర్వేరు డిస్కుల్లో. విడిగా రికార్డు చేసిన శబ్దం 24 బిట్, 48 కిలోహెర్ట్జ్ స్టీరియోలో గంటకు దాదాపు 1 జీబీ. తీసిన రాత్రే చూసి ఒక చుక్క, రెండు చుక్కలు, మూడు చుక్కలు వేసుకోండి. వైజ్‌మన్ కూడా తీసినదంతా ముందు చూసి ఇలాగే నక్షత్రాలు వేసి, సగానికి సగం పక్కన పెట్టాకే కత్తెర పట్టేవాడు.

అనుమతి సంగతి. పురావస్తు శాఖ రక్షణలో ఉన్న కట్టడాల దగ్గర ట్రైపాడ్ తెరవాలన్నా, డ్రోన్ ఎగరేయాలన్నా ముందుగా రాతపూర్వకంగా అడగాలి. మనుషుల అనుమతి వేరు. ఎందుకు తీస్తున్నారో, ఎక్కడ చూపిస్తారో అక్కడికక్కడే చెప్పి, వాళ్ల ఒప్పుకోలును రికార్డరులోనే తీసుకోవడం తేలిక. వద్దన్నవాళ్లను తీయకూడదు. మొదటి రెండు రోజులు కెమెరా చూసి అందరూ సర్దుకుని కూర్చుంటారు, ఆ ఫుటేజీ ఎక్కువగా పనికిరాదు. మూడో రోజుకు వాళ్ల పని వాళ్లకు ఎక్కువవుతుంది. ఒక్కరోజు షూటింగుతో ఈ పద్ధతి కుదరకపోవడానికి అసలు కారణం అదే.

నాటకం మీద ఇష్టమున్నవాళ్లు ఈ మూడింటి తర్వాత 1996 నాటి 'లా కొమెదీ ఫ్రాన్సేజ్' కూడా చూడాలి. 223 నిమిషాలు. 1680 నుంచి నడుస్తున్న ఫ్రెంచి నాటక సంస్థ అది, నటులే అందులో భాగస్వాములు. సాధన గది నుంచి పింఛన్ల లెక్క దాకా అన్నీ ఉంటాయి. ఆ భాగస్వామ్యం చూస్తుంటే కుటుంబాలే సంస్థలుగా బతికిన సురభి గుర్తొస్తుంది. 1885లో కీచక వధతో మొదలైన సురభికి ఆ పేరిచ్చిన ఊరు మన కడప జిల్లాదే. కుటుంబాలు ఎక్కువగా హైదరాబాదు వైపు ఉన్నా, సమాజాలు ఇప్పటికీ ప్రదర్శనలు ఇస్తున్నాయి. మాయాబజార్ వేసే సాయంత్రం ప్రేక్షకుల్లో కూర్చోకుండా తెర పక్కన చోటు అడగండి. వైర్లు కట్టే చేతులు, తాళ్లు లాగే మనిషి, తెరలు మారే లోపు వేషం మార్చుకునే పిల్లలు అక్కడే ఉంటారు. మైక్ తాళ్ల దగ్గర పెట్టండి, హార్మోనియం దానంతటదే వినిపిస్తుంది.